పదో మనిషి

పదిమంది కాకపోతే నడక లేదంట.
తొమ్మిదిమందే దొరికినారు ఢిల్లీబాబుకి.
పొద్దున్నే మా వాకిట్లో నిలబడి
"రా మామా, ఊరికే రా, డబ్బులొద్దు,
రెండు గంటలు నడిస్తే చాలు" అన్నాడు.
మా వీధి పిల్లోడు. ఢిల్లీ ముఖమే చూడనోడు.
చొక్కా వేసుకుని పోయినా.

రైల్వే స్టేషన్ కాడ మొదలు.
నడుముకి చిన్న మైకు పెట్టె, చేతిలో మడతలు పడిన కాగితం.
గోవిందరాజుల గుడి ముందర
"అందరూ పైకి చూడండి" అన్నాడు.
అందరూ తలలెత్తినారు.
నేను తలల్నే చూసినా.

ఏం చేసేది, అలవాటు.
ముప్పై ఒక్క ఏళ్ళు కల్యాణకట్టలో కూర్చున్నోణ్ణి.
మొబ్బులో బస్సెక్కి, కొండ మీద దిగి,
అర బ్లేడు, గోరువెచ్చని నీళ్ళు, వంచిన తల.
ఒకటి లేస్తే ఇంకొకటి.
ముఖాలు గుర్తు లేవు నాకు, మాడులు గుర్తు.
బొంబాయి సేటుదైనా, బంగారుపాళ్యం కూలోడిదైనా
నీళ్ళు పోస్తే ఒకటే వాసన.
ఈ గోపురం కిందనే కదా ఇన్నేళ్ళూ తిరిగింది,
ఏడంతస్తులని ఈరోజు లెక్కపెట్టినా.
వంగి వంగి బిగుసుకున్న మెడ
వెనక్కి వాలనంటాంది.

ఢిల్లీబాబు చెప్తానే ఉండాడు.
ఏ రాజు గోడ కట్టించినాడో, ఎవరు దీపానికి ఆవుల్నిచ్చినారో,
ఏ ఊరు రాసిచ్చినారో, ఎన్ని తూముల బియ్యం, ఎంత నెయ్యి.
హైదరాబాదు నుంచొచ్చిన ఆమె నోటుబుక్కులో రాసుకుంటాంది.
కళ్ళద్దాలాయన ఫోటో తీసి
ఫోటోలోనే గోపురాన్ని చూస్తాండాడు.
"జరగండి సామీ, బేరం పోతాంది" అని
పూలమ్మే కుప్పమ్మ కసిరింది.
ఆమె కూర్చున్న మెట్టు ఎప్పటిదని ఎవరూ అడగలేదు.

లోపల ఒక గోడ.
నడుమెత్తున, పొడుగునా అక్షరాలు.
అరవమంట, పాతది. సున్నం పట్టి, నూనె పట్టి,
చేతులు రాసుకుని రాసుకుని అరిగిపోయినాయి.
"ఈ భాగం చదవడం కష్టం" అంటా కాగితం తిప్పినాడు.
నేను బొటనవేలు పెట్టినా.
ఊరికే పెట్టినా.

తడి జుట్టు కింద పాత మచ్చ తగిలినట్టే
తగిలింది ఒక గీత.
చిన్నప్పుడు చెట్టు మీంచి పడిన దెబ్బ,
ఎవరో రువ్విన రాయి, మొగుడు విసిరిన చెంబు,
కాన్పులో పట్టకారు నొక్కిన గుంట,
కంటికి అగుపడక ముందే వేలికి తెలుస్తాయి.
కత్తి ఆడ ఆగాల, పక్కకి తిరగాల.
ఇదెట్లా అయిందని ఎవర్నీ అడగలేదు ఎప్పుడూ.
అడిగితే ఏడుస్తారు కొందరు.
వరస పెద్దది, టయిం ఉండదు.

గీత పట్టుకుని పోయినా.
వంపు తిరిగింది, ఆగింది, మళ్ళీ లేచింది.
అరవం యాడిది నాకు, తెలుగే సంతకం వరకు.
అయినా వేలు ఆగిన కాడల్లా
ఉలి ఆగినట్టు తెలిసింది.
రాయి కొట్టినోడూ వంగే కూర్చునుంటాడు,
వాడి మెడా ఇట్టాగే బిగుసుకునుంటుంది.

"ఢిల్లీ" అన్నా. "ఇంతమంది పేర్లు చెప్తివే,
నెయ్యి పోసినోడిది, ఊరిచ్చినోడిది.
ఉలి పట్టినోడిది, కత్తి పట్టినోడిది
ఉందా యాడైనా?"

కాగితం అటూ ఇటూ తిప్పినాడు.
మైకు ఆపేసినాడు.
"తెలీదు మామా. నిజంగా తెలీదు.
మా సారునడిగి చెప్తా."
పొద్దుట్నించి వాడు చెప్పిన మాటల్లో
అదే నాకు బాగా నచ్చింది.

తర్వాత ఇంకా ఏవేవో చూసినాం.
ఇత్తడి అంగళ్ళ కాడ కళ్ళద్దాలాయన
కాళ్ళు నొప్పని ఆటో ఎక్కినాడు.
తొమ్మిదిమందిమే మిగిలినాం. నడక ఆగలేదు.

టీ అంగడి ముందర
చెప్పు సర్దుకుంటా వంగినాడు ఢిల్లీబాబు.
నడినెత్తిన రెండు సుడులు.
తొమ్మిదో నెలలో వీడి పుట్టెంట్రుకలు తీసింది నేనే కదా,
అప్పుడే చూసినా, మరిచిపోయినా.
రెండు పెళ్ళిళ్ళంటారని
వాళ్ళమ్మకి అప్పుడు చెప్పలేదు.
ఇప్పుడు వీడికీ చెప్పలేదు.
టీ డబ్బులు నేనే ఇచ్చినా.